మందిర్ హసౌద్ నుంచి వచ్చిన ఫోన్లు

నేను రిటైరైన రోజు కాలేజీవాళ్ళు శాలువా కప్పి, "రాయపూర్ పొలిమేరల్లో శాస్త్రీయ సంగీతానికీ జాజ్‌కీ శ్రోతల్ని తయారుచేసిన పద్మావతి మేడమ్" అని మైకులో చెప్పారు. నేను తల వంచుకుని కూర్చున్నాను. అది వినయం అనుకున్నారు. ఆ మాట చదివిన కుర్రాడికి పాత సంగతి తెలీదు. తెలిసిన మా టెక్నీషియన్ సాహూ మాత్రం వెనక వరసలో గోడకేసి చూస్తూ కూర్చున్నాడు.

ఈమధ్య అదే రేడియోలో చేరబోతున్న ఇద్దరు పిల్లలు మా ఇంటికొచ్చారు. మైకు ముందు ఎలా మాట్లాడాలో చెప్పమన్నారు. అది వారం రోజుల్లో వచ్చేస్తుంది, దానికి నా దాకా రానక్కర్లేదు. నా దగ్గర చెప్పడానికి ఉన్నది ఆ శాలువా కింద దాగిన సంగతి. రాస్తుంటే ఇప్పటికీ ముఖం వేడెక్కుతుంది. అయినా రాస్తున్నాను, ఎందుకంటే ఈ ఉద్యోగం నాకు నేర్పిన ఒకే ఒక్క పెద్ద పాఠం అందులోనే ఉంది.

ఘోష్ సార్ గంట

కాలేజీలు సొంతంగా రేడియో పెట్టుకోవచ్చని ప్రభుత్వం అనుమతిచ్చాక మా కాలేజీకి కూడా ఆ సరదా పుట్టింది. పాత సైకిల్ స్టాండు పక్క గది ఖాళీ చేసి, గోడలకి గోనెపట్టా మీద పరుపులు కొట్టి స్టూడియో అన్నారు. మేడ మీద స్తంభం నిలబెట్టారు. నేను అప్పటికి లైబ్రరీలో పని చేస్తున్నాను. మాది పలాస వైపు నుంచి వచ్చిన రైల్వే కుటుంబం. చిన్నప్పుడు రైల్వే కాలనీలో ఒక మాస్టారి దగ్గర కొన్నేళ్ళు సంగీతం నేర్చుకున్నాను. ఆ సంగతి ఎవరో చెప్పగా ఘోష్ సార్ నన్ను పిలిపించారు.

ఘోష్ సార్ ఇంగ్లీషు చెప్పేవారు. ఇంట్లో రెండు బీరువాల నిండా జాజ్ రికార్డులు. రేడియో పెట్టాలని పట్టుబట్టిందీ ఆయనే, సాయంత్రం ఆరు నుంచి ఏడు దాకా అరగంట రాగం, అరగంట జాజ్ అని నిర్ణయించిందీ ఆయనే. "ఒక రాగం పట్టుకుని అరగంట చుట్టూ తిరిగే దేశంలో జాజ్ పరాయిది ఎలా అవుతుంది పద్మా?" అనేవారు. మొదట్లో నాకది గొట్టాల గోల లాగే ఉండేది. ఆయన పక్కన కూర్చోబెట్టుకుని వినిపించగా, వినిపించగా ఒక రోజు చెవికెక్కింది. ఆ రుణం మాత్రం నేను మర్చిపోను.

ఒకసారి విద్యార్థి సంఘం ప్రకటన ఏదో చదవాలని నేను ఖయాల్ గానం మధ్యలో ధ్వని తగ్గించేశాను. ఆయన ఇంటినుంచి స్కూటర్ మీద వచ్చి, చెప్పులు విడవకుండానే స్టూడియోలోకి దూరారు. "తింటున్నవాడి ముందు నుంచి కంచం లాగేస్తావా?" అని అరిచారు. అప్పటినుంచి నేను ఒక్క పాట కూడా మధ్యలో ఆపలేదు. మీరూ ఆపకండి.

ఆయన ఇంకో మాట కూడా అనేవారు: మనం శ్రోత దగ్గరికి దిగకూడదు, శ్రోతే మన దగ్గరికి ఎక్కి రావాలి. దీన్ని నేను వేదం లాగా పట్టుకున్నాను. ఇప్పుడు చెప్తున్నాను, ఘోష్ సార్ వినడం నేర్పారు గానీ ఎవరు వింటున్నారో తిరిగి చూడ్డం నేర్పలేదు. ఆయనకే అది తెలీదు. పెద్దవాళ్ళు నేర్పిన మంచిలో వాళ్ళ గర్వం కూడా కలిసి వచ్చేస్తుంది, ఏరుకోవడం మన పని. నేను ఏరుకోలేదు.

ఎవరు వింటున్నారు?

ఘోష్ సార్ రిటైరై కోల్‌కతా వెళ్ళిపోయారు. కొత్త ప్రిన్సిపాల్ తివారీ మేడమ్ వచ్చిన వారానికే స్టూడియోకొచ్చి నిలబడి, "ఈ ఆరింటి ప్రోగ్రామ్ ఎవరు వింటున్నారు?" అని అడిగారు. చాలామంది అని చెప్పాను. ఒక్కరి పేరు చెప్పమన్నారు. చెప్పలేకపోయాను.

మా ట్రాన్స్‌మిటర్ చిన్నది. ఇటు మందిర్ హసౌద్, అటు ఛత్తీస్‌గఢ్ కొత్త రాజధాని కడుతున్న పొలాల దాకా వినిపించేది. ఊరికి అవతలి పక్కనున్న మా రైల్వే కాలనీలో గరగర తప్ప ఏమీ వచ్చేది కాదు. అంటే నేను పెట్టే పాట మా ఇంట్లోవాళ్ళు కూడా వినలేదు. కొన్ని నెలలు చూస్తాను, ఒక్క ఫోనైనా రాకపోతే ఆ గంట వేరేవాళ్ళకిస్తాను అన్నారు మేడమ్. ఆ సాయంత్రం ఇంటికెళ్ళి, అన్నం ముందు కూర్చుని ఏడ్చేశాను. మా ఆయన డ్యూటీలో ఉన్నారు. మా అత్తగారు ఏమైందని అడిగితే చెప్పాను. ఆవిడ మజ్జిగ పోసింది.

వారం తిరక్కుండా ఫోన్లు మొదలయ్యాయి.

నేను లోపల పాట దగ్గర ఉండేదాన్ని. బయట గదిలో ఫోను డ్యూటీ పిల్లలు ఎత్తేవాళ్ళు. "మేడమ్, మందిర్ హసౌద్ నుంచి శాంతీ బాయి. యమన్ రాగం కావాలట." మర్నాడు ఇంకో ఊరినుంచి ఇంకో బాయి. ఆవిడకీ యమనే. అప్పుడప్పుడు జాజ్ గురించి కూడా, "ఆ ఊదేది చాలా బాగుంది" అని. ఫోను చేసేవాళ్ళంతా ఆడవాళ్ళే. రోజుకి ఒకటో రెండో, ఎప్పుడూ తప్పేవి కావు. శ్రీరామనవమి ఉత్సవాల రోజుల్లో మాత్రం ఒక్కటీ రాలేదు. పల్లెల్లో ఉపవాసాలేమో అని నాకు నేనే సర్దిచెప్పుకున్నాను.

నా గొప్ప చూడండి. ఒక సదస్సులో "గ్రామీణ శ్రోతలు, యమన్ రాగం" అని వ్యాసం చదివాను. సాయంత్రం పొలం పని అయ్యాక ఆ రాగంలో వాళ్ళకి విశ్రాంతి దొరుకుతుందని సిద్ధాంతం చేశాను. జనం చప్పట్లు కొట్టారు. ఆ కాగితాలు దొరికితే ఇప్పటికైనా చింపేద్దామని ఉంది, కానీ వాళ్ళు అచ్చు కూడా వేశారు.

దులారి

దులారి మా కాలేజీలోనే చదువుకుని మా దగ్గరే అసిస్టెంట్‌గా చేరింది. వాళ్ళది మందిర్ హసౌదే. పొగరు ఉన్న పిల్ల, నాకు మొదటి రోజునుంచీ గిట్టేది కాదు. తనకి మధ్యాహ్నం రెండింటికి అరగంట ఇచ్చాం. ఛత్తీస్‌గఢీలో మాట్లాడేది. కొత్త రాజధానిలో సిమెంటు మోసే ఆడవాళ్ళ కబుర్లు, వాళ్ళు పాడే పాటలు, ఏ బండి ఎక్కడ దింపుతుంది, పసిపిల్లకి విరేచనాలైతే ఏం చెయ్యాలి, ఇలాంటివి.

తను ఆరింటి గంట అడిగింది. "మేడమ్, రెండింటికి వాళ్ళు పనిచోట ఉంటారు. తిండి టైములో నలుగురైదుగురు ఒకరి ఫోన్‌లో రేడియో పెట్టుకుని చుట్టూ చేరి వింటున్నారు. ఆరింటికైతే ఇంట్లో వంట చేస్తూ అందరూ వింటారు."

నేను ఒప్పుకోలేదు. తివారీ మేడమ్ ముందు మీటింగులో, "దులారి ప్రోగ్రామ్‌కి ఒక్క ఫోన్ రాదు. నా గంటకి అదే మందిర్ హసౌద్ నుంచి రోజూ వస్తాయి. అక్కడివాళ్ళకి ఏం కావాలో వాళ్ళే చెప్తున్నారు కదా" అన్నాను.

"మా ఊళ్ళో యమన్ అడిగే శాంతీ బాయి ఎవరో నాకు తెలీదు మేడమ్" అంది దులారి.

"నీకు తెలిసినవాళ్ళే మనుషులా?" అన్నాను నేను.

తివారీ మేడమ్‌కి లెక్క కావాలి, నా దగ్గర లెక్క ఉంది. ఏడాది తర్వాత దులారి మళ్ళీ అడిగింది, మళ్ళీ అదే జవాబు చెప్పాను. నెగ్గినప్పుడల్లా నాకు లోలోపల తియ్యగా ఉండేది. దానికే నాకు ఇప్పుడు ఎక్కువ సిగ్గు.

గేటు దగ్గర ఆడవాళ్ళు

ఒక వానాకాలం సాహూ కూతురి పెళ్ళికని సెలవు పెట్టాడు. అదే సమయంలో కాలేజీకి సున్నాలు వేస్తున్నారు. మేడ మీద పరంజా కట్టినవాళ్ళు స్తంభానికి వెళ్ళే తీగ అడ్డమొచ్చిందని తెంపి పక్కన చుట్టిపెట్టారు. ట్రాన్స్‌మిటర్ దానంతటదే ఆగిపోయింది. అది వేరే గదిలో ఉంటుంది, సాహూ తప్ప ఎవరూ ఆ తలుపు తియ్యరు.

మేం స్టూడియోలో చెవులకి పెట్టుకుని వినేది మా బల్లమీద నుంచి వెళ్తున్న ధ్వని. గాలిలోకి పోయి తిరిగి వచ్చింది కాదు. పక్కనే మామూలు రేడియో ఒకటి పెట్టుకుని మన స్టేషను మనమే పట్టి చూడాలి. పది రూపాయల పని, ఎవరూ చెయ్యం. పిల్లలూ, ఇది రాసుకోండి: మీ చెవిలో వినిపిస్తోంది కాబట్టి ఊరంతా వినిపిస్తోందని అనుకోవద్దు. వారం పైన మేం గది గోడలకే పాడుకున్నాం.

ఆ వారమంతా నాకు యమన్ ఫోన్లు వస్తూనే ఉన్నాయి.

సాహూ డ్యూటీకి తిరిగొచ్చిన రోజు సాయంత్రం, గేటు దగ్గర సిమెంటు దుమ్ముతో ఆడవాళ్ళు ఎనిమిది మందో పది మందో నిలబడి ఉన్నారు. పని దిగి, బండి ఎక్కకుండా నడిచి వచ్చారు. వాచ్‌మన్ పొమ్మంటే పోవడం లేదు. "హమర్ కార్యక్రమ్ కాబర్ బంద్ హే?" అని అడుగుతున్నారు. మా ప్రోగ్రామ్ ఎందుకు ఆగిపోయింది అని. అంతకుముందు కూడా రెండుసార్లు వచ్చారట, వాచ్‌మన్ తరిమేశాడట. దులారికి ఒంట్లో బాగోలేదేమో, చూసి పోదామని వచ్చామంది వాళ్ళలో పెద్దావిడ.

సాహూ పరుగున వెళ్ళి ఆ గది తలుపు తీశాడు. తర్వాత మేడ ఎక్కాడు. దిగి వచ్చి, తీగ తెగి చాలా రోజులైందన్నాడు. రేపటికి గానీ అతకదన్నాడు.

తివారీ మేడమ్ స్టూడియో బయటి గదికి వచ్చేశారు. నేను, దులారి, సాహూ, డ్యూటీ పిల్ల ఒకత్తి. ఆ సాయంత్రం పాట కూడా పెట్టలేదు, పెట్టి ఏం లాభం. ఎన్నాళ్ళనుంచి ఆగిందో మేడమ్ సాహూని అడుగుతున్నారు. ఆరున్నర అయ్యుంటుంది. బల్ల మీద ఫోన్ మోగింది. స్పీకర్ పెట్టమన్నారు మేడమ్.

"నమస్తే జీ. మందిర్ హసౌద్ సే శాంతీ బాయీ బోల్ రహీ హూఁ. ఆజ్ కా యమన్ బహుత్ అచ్ఛా ఆయా. ఆవాజ్ భీ ఏక్‌దమ్ సాఫ్."

ఇవాళ యమన్ చాలా బాగా వచ్చిందట, ధ్వని కూడా చాలా స్పష్టంగా ఉందట.

"ఔర్ వో ఫూంక్‌నే వాలా భీ" అంది ఆ గొంతు. ఆ ఊదేది కూడా బాగుందని. వెనక రైల్వే వ్యాగన్లు బాగుచేసే వర్క్‌షాపు సైరన్ మోగింది. ఆ సైరన్ మందిర్ హసౌద్‌లో వినపడదు, మా కాలనీలోనే వినపడుతుంది. నాకు సైరన్ అక్కర్లేదు. పెళ్ళయిన దగ్గర్నుంచీ నన్ను అన్నానికి పిలుస్తున్న గొంతు అది. మా అత్తగారు.

"అత్తయ్యా" అన్నాను నేను, తెలుగులో, గట్టిగా, అందరి ముందూ. అవతల ఫోన్ పెట్టేసిన చప్పుడైంది.

డ్యూటీ పిల్లకి నవ్వు ఆగలేదు. సాహూ కూడా నవ్వాడు, తర్వాత నా ముఖం చూసి ఆపుకున్నాడు. తివారీ మేడమ్ కోప్పడతారనుకున్నాను. కోప్పడితే బాగుండేది. ఆవిడ నా భుజం మీద చెయ్యి వేసి, "పోనీలే పద్మాజీ, ఇంట్లోవాళ్ళ ప్రేమ" అన్నారు. నేల చీలితే బాగుండు అంటారే, అది నాకు ఆ రోజే తెలిసింది.

దులారి నవ్వలేదు. కిటికీలోంచి గేటు వైపు చూస్తోంది. అలా చూస్తూనే మామూలుగా అడిగింది, "మేడమ్, ఆరింటి గంట ఇస్తారా?"

"తీసుకో" అన్నాను. క్షమించమని ఆ రోజు అడగలేదు. చాలా రోజుల తర్వాత అడిగితే, "నాకు కాదు మేడమ్, గేటు దగ్గర నిలబడ్డవాళ్ళకి చెప్పండి" అంది. అప్పటికి రాజధాని పని తగ్గింది, ఆ ఆడవాళ్ళు వేరే చోట్లకి కూలికి పోయారు. వాళ్ళకి నేను ఎప్పటికీ చెప్పలేకపోయాను.

ఇంట్లో

ఆ సాయంత్రం ఇంటికెళ్ళేసరికి అత్తగారు బియ్యం ఏరుతూ కూర్చుంది. తల ఎత్తలేదు.

"ఎందుకు చేశారు?" అన్నాను. నా గొంతులో కోపం నాకే వినపడింది.

"నువ్వు ఆ దినాం అన్నం తినకుండా ఏడిసావు కదే. ఫోన్లు రాకపోతే ఆ గంట తీసేస్తారని నువ్వే సెప్పావు. ఫోను సెయ్యడానికేటి? రామమందిరం భజన్‌లో అంతమంది ఆడోళ్ళం ఉన్నాం. దినానికొకలం అని బారీ కట్టుకున్నాం."

"పేర్లు మార్చి, ఊళ్ళు మార్చి?"

"మరి ఈ కాలనీకి నీ రేడియో రాదు కదా. వచ్చే ఊళ్ళ పేర్లే సెప్పాల. కాలనీలో మనవోళ్ళల్ల రేడియోలో ఉన్నది నువ్వొక్కదానివే. నీ పని పోతే మాకు మాత్రం బాగుంటాదేటి?"

"రోజూ యమనే ఎందుకు?"

"నువ్వు ఆ పిల్లలతో ఫోన్‌లో అంటుంటే ఇనేదాన్ని. మిగతావి నోరు తిరగవమ్మా. ఇది పొట్టిగా ఉంది, భజనోళ్ళందరికీ బేగి వచ్చీసింది."

శ్రీరామనవమికి ఫోన్లు ఎందుకు రాలేదో అప్పుడు అర్థమైంది. మందిరంలో పందిరి పనులూ పానకం పనులూ ఉంటే ఎవరికి తీరిక?

నాలుగైదు రోజులు ఆవిడతో సరిగ్గా మాట్లాడలేదు. ఇదీ నిజమే, రాస్తున్నాను. కోపం ఆవిడ మీద అనుకున్నాను గానీ, అబద్ధం ఆవిడది, దాన్ని పట్టుకుని దులారి నోరు నొక్కింది నేను. ఆ పిల్ల అడుగుతుంటే, మీ ఊళ్ళో నీకు తెలియనివాళ్ళున్నారని నేను గదమాయించాను. అందులో మా అత్తగారి తప్పు ఏముంది? ఆవిడ కోడలి అన్నం సంగతి చూసుకుంది.

తర్వాత మా రాగం, జాజ్ పొద్దున్న ఆరింటికి మారాయి. రిటైరయ్యే దాకా నేను పెడుతూనే ఉన్నాను. ఎవరైనా విన్నారా? కొంతమంది విన్నారేమో. ఉర్లా ఫ్యాక్టరీల్లో రాత్రి షిఫ్టు చేసి మందిర్ హసౌద్ తిరిగొచ్చే ఒకాయన ఒకసారి స్టూడియో దాకా వచ్చి, జాజ్ పెట్టినప్పుడు నిద్రపట్టదమ్మా అని ఫిర్యాదు చేశాడు. నాకు చాలా సంతోషమైంది. ఆ వాయిద్యం పేరేమిటని అడిగితే చెప్పాను, వెళ్ళిపోయాడు. ఒక్క నిజమైన ఫిర్యాదు, ఫలానా పాట పెట్టమనే వంద ఫర్మాయిష్‌ల పెట్టు, అది కూడా మీకు చెప్పాలి.

ఇక ఆ ఆదివారం సంగతి. అత్తగారితో మాటలు లేని రోజుల తర్వాత వచ్చిన ఆదివారం. ఆవిడ పప్పు పొయ్యి మీద పెట్టి వంటింటి గుమ్మంలో కూర్చుంది. నాకు ఉన్నట్టుండి తోచింది. ఇన్నేళ్ళు రోజూ పేరు పెట్టి అడిగిన మనిషి, యమన్ ఎలా ఉంటుందో ఒక్కసారీ వినలేదు. ఎక్కడో పొలాల అవతల ఉన్న తెలియనివాళ్ళ కోసం నేను రికార్డులు ఏరుకున్నాను, ఒకే గుమ్మంలో కూర్చునే మనిషికి వినిపించాలని నాకు తోచలేదు. స్టూడియోనుంచి తెచ్చుకున్న క్యాసెట్ ప్లేయర్ తెచ్చి ఆవిడ ముందు పెట్టాను.

"ఇదే అత్తయ్యా, మీరడిగేది."

ఆవిడ కొంగు సర్దుకుని, చేతులు ఒళ్ళో పెట్టుకుని, డాక్టరు ముందు కూర్చున్నట్టు కూర్చుంది. ఆలాపన నడుస్తోంది. కాసేపు నేల చూసింది, కాసేపు నన్ను చూసింది, తర్వాత పొయ్యి మీద పప్పు వైపు చూసింది. లేవలేదు. నేను బాధపడతానని లేవలేదు.

పాట మధ్యలో ఆపకూడదని ఘోష్ సార్ నేర్పిన నేను, ఆపేశాను.

"నిజం చెప్పండి అత్తయ్యా, నచ్చలేదు కదా?"

"మంచిదేనమ్మా. నాకే తెలవదు."

"పోనీ ఇది వద్దు. మీకేది వినాలనుంది? ఏదైనా సరే, తెచ్చి పెడతాను."

ఆవిడ నా ముఖంలోకి చూసింది, ఎగతాళి చేస్తున్నానేమో అన్నట్టు. తర్వాత ఆలోచించింది. పప్పు మాడిన వాసన వస్తోంది, ఇద్దరం లేవలేదు.

"ఏటో అమ్మా" అంది చివరికి. "ఎప్పుడూ ఎవులూ అడగలేదు. టప్పున అడిగితే ఏటి సెప్పను?"